తొలి మంద ఎవరిది

మే 11

కాలేజీలో సన్మానం. సినిమాలు ఉన్నప్పుడు అడ్వాన్సులు వస్తాయి, లేనప్పుడు శాలువాలు వస్తాయి. నాకు నాలుగేళ్లుగా శాలువాలే. అక్క విప్పి చూసి, "పోయినసారిదే మేలు రా, జరీ అన్నా ఉన్నింది" అని మడిచి బీరువాలో పెట్టింది.

ప్రిన్సిపాల్ నన్ను "చరిత్రను తవ్వి తీసిన కలం" అన్నాడు. తల వంచుకున్నాను, వినయంగా కనపడేటట్టు. ముప్పై ఏళ్లలో బాగా అలవాటైన పని. తరువాత పిల్లలు ఆ డైలాగ్ చెప్పమన్నారు. వద్దంటూనే చెప్పాను. "గొర్రెను నమ్ము... కాపరిని నమ్మకు!" హాలంతా ఈలలు. తొమ్మిదేళ్ల నాటి సినిమా. ఇంకా ఈలలే.

చివర్లో మూడో వరసలో ఒక అమ్మాయి లేచింది. డిగ్రీ పిల్ల.

"సార్, పోలయ్య కథ మీకు యాడ దొరికింది?"

"పరిశోధనమ్మా. పాత రికార్డులు, పుస్తకాలు... రెండేళ్లు తిరిగాను."

"రికార్డులు కాదు సార్. మా అవ్వ చెప్పింది. గిద్దలూరు అవతల మా పల్లెకొచ్చి, మూడు దినాలు మా గొర్రెల దొడ్డి కాడ కూచొని, మా రొట్టె తిని విన్నారు మీరు. పోలయ్య ద్రోహం చేసినాడని మా అవ్వ చెప్పలేదు సార్."

ప్రిన్సిపాల్ మైకు లాక్కున్నాడు. వెంటనే జనగణమన.

మే 12

నిద్ర పట్టలేదని రాస్తే బాగుంటుంది. పట్టింది. ఎనిమిదింటిదాకా పడుకున్నాను.

మే 13

ఆ పిల్ల ఇంటికే వచ్చింది. పేరు ఈశ్వరి. ఓబులమ్మ మనవరాలు. అక్క కూర్చోమంటే కూర్చోలేదు, మంచినీళ్లు మాత్రం తాగింది. గేటు పట్టుకుని నిలబడే చెప్పింది అంతా.

వాళ్ల ఊళ్లో తొలి మంద సంగతి. నాకు తెలుసు, ఓబులమ్మ అప్పుడే చెప్పింది. వానలకు ముందు ఎరువు కోసం చేలల్లో గొర్రెల మందలు నిలుపుతారు. ఏ ఏడాదైనా మొట్టమొదటి మంద గుడి మాన్యంలో నిలవాలి. అది పోలయ్య ఇంటి మందే అయి ఉండాలి, ఎందుకంటే సిపాయిలు పోలయ్యను చంపింది ఆ చేలోనే. మర్నాడు ఊరంతా వచ్చి గుప్పెడు గొర్రె పెంట కళ్లకద్దుకుని తీసుకుపోయి తమ చేలల్లో చల్లుకుంటారు. ఆ తరువాతే ఎవరైనా దుక్కి మొదలుపెట్టేది.

"రెండేండ్ల నుంచి మా మందను ఆ చేలోకి రానియ్యలేదు సార్. ద్రోహి ఇంటి గొర్రెలు దేవుడి చేలో ఎందుకు అంటారు. ఈసారి ఇంకో ఇంటికి ఖాయంగా ఇచ్చేస్తారంట. ముప్పయ్యో తేదీ రచ్చకట్ట కాడ కూచుంటారు."

"సినిమా వచ్చి తొమ్మిదేళ్లయింది కదమ్మా. ఇప్పుడెందుకు?"

"అప్పుడు సినిమా చూసిన పిల్లోళ్లే ఇప్పుడు ఊరి పెద్దమనుషులు సార్."

నేను వచ్చి ఏం చెప్పాలని అడిగాను. "మీరు మార్చినారని చెప్పాల. అవ్వ రమ్మనింది" అంది. వస్తానో రానో నేను చెప్పేలోపే వెళ్లిపోయింది. చెప్పకుండా తప్పించుకున్నందుకు లోపల కొంచెం హాయిగా కూడా అనిపించింది.

మే 14

పోలయ్యను ద్రోహిని ఎందుకు చేశాను?

ఇంటర్వ్యూల్లో లెక్కలేనన్నిసార్లు చెప్పిన జవాబు — ఇంటర్వెల్. హీరో పాలెగాడు; అతన్ని ప్రాణంగా చూసుకునేవాడే సిపాయిలకు పట్టివ్వాలి. అప్పుడే జనం పాప్‌కార్న్ సగంలో వదిలి సీట్లోకి వస్తారు. "చరిత్ర వేరు, సినిమా వేరు" అని గొప్పగా అనేవాణ్ణి. మళ్లీ నా సినిమాల్లోనే తెర మీద సంవత్సరం వేయించేవాణ్ణి. నల్ల తెర, తెల్ల అంకెలు, వెనక డప్పు. సంవత్సరం పడిందంటే ఆ తరువాత ఏం చెప్పినా జనానికి చరిత్రే. ఈ కిటుకు నేను కనిపెట్టిందే అని చెప్పుకునేవాణ్ణి కూడా.

పోనీ పేరన్నా మార్చి ఉండొచ్చు. అసిస్టెంటు ఒకడు అడిగాడు కూడా, మారుద్దామా అని. వద్దన్నాను. పోలయ్య... హీరో కొండ మీది నుంచి గొంతు చించుకుని పిలవడానికి భలే ఉంటుంది అన్నాను. అంతకు మించి ఆలోచించలేదు. వాళ్లు బతికున్న మనుషులని, ఆ పేరుతో ఇల్లు ఉందని, ఆ ఇంట్లో రొట్టె తిన్నానని — తట్టలేదని రాయబోయాను. తట్టింది. పట్టించుకోలేదు.

మే 16

డైరెక్టర్ ఫోను.

"అన్నా, ఫస్టాఫ్ ఎప్పుడిస్తావ్?"

"రాస్తున్నా."

"పెద్దాయన ఇంట్లోవాళ్లు అడుగుతున్నారన్నా. డబ్బు పెట్టేది వాళ్లే కదా."

తెలుసు. పల్లె నుంచి బయలుదేరి రాజధానికి చేరిన నాయకుడి కథ. ఇలాంటివి ఐదు రాశాను. నేను రాసిన ఉపన్యాసాలకు థియేటర్లో నిజం నాయకులు కళ్లు తుడుచుకున్నారు. తరువాత వాటినే సభల్లో తమ మాటల్లా చదివారు. ఇప్పుడు ఆరోది. రాసేందుకు ఊరి గాలి కావాలని చెప్పి మార్కాపురం వచ్చి అక్క ఇంట్లో కూర్చున్నాను. ఇంతవరకు రాసింది సీన్ వన్, పగలు, ఔట్‌డోర్. అంతే.

ఈ సినిమా పోతే ఇంకొకటి రాదు. యాభై ఆరేళ్లవాణ్ణి పిలిచి కథ అడిగేవాళ్లు లేరు ఇప్పుడు. ఈ మాట కూడా ఇక్కడ పెట్టాలి.

మే 17

అప్పటి పాత ఫోను అక్కకే ఇచ్చి వెళ్లాను. బీరువాలో ఉంది. ఛార్జింగ్ పెడితే లేచింది. ఓబులమ్మ రికార్డింగ్ అందులోనే ఉంది.

వెనక గొర్రెల అరుపులు. ఎవరో కుక్కను అదిలిస్తున్నారు. ఆమె గొంతు తాపీగా.

"...పాలెగాడు ఉరుక్కుంటా వచ్చి మందలో పడినాడంట. మా పోలయ్య తన గొంగడి తీసి ఆయప్ప మీద కప్పి, గొర్రెల నడిమి వంగబెట్టి, సిపాయిల ముందరనే తోలకపోయినాడు. గుట్ట దాటించి ఎనక్కి వచ్చినాడు. మంద ఉంది గదా నాయనా. మందనిడిచి యాడికి పోతాడు? ఆ వచ్చినోణ్ణి పట్టుకొని ఆ చేలోనే కాల్చినారు."

మధ్యమధ్య నా గొంతు. "అద్భుతం పెద్దమ్మా... అద్భుతం." లెక్కపెట్టాను, తొమ్మిదిసార్లు. ఆమె తన ఇంటి మనిషి చావు చెబుతోంది. నేను బిర్యానీ మెచ్చుకున్నట్టు మెచ్చుకుంటున్నాను.

చివర్లో నేనే అడిగాను. "మరి పాలెగాడు తరువాత ఎట్లా దొరికాడు?"

"సొంత మేనల్లుడే చూపించినాడు." పేరు చెప్పింది. సరిగ్గా విన్నానా అని ఆ పేరు నేను తిరిగి పలికాను. ఆమె "ఆ, వాడే" అంది. నా గొంతుతో స్పష్టంగా ఉంది రికార్డింగులో.

మే 18

ఇంటర్వెల్ కోసం అన్నది అబద్ధం. మొన్న ఇక్కడ రాసుకుంటే గానీ తేలలేదు.

మొదటి స్క్రిప్టులో ద్రోహి మేనల్లుడే. ఇంటర్వెల్ అట్లా కూడా బాగానే పేలింది. కానీ షూటింగుకు కావలసిన కోట గోడలు, కొండ కింద భూములు ఆ మేనల్లుడి వంశం వాళ్లవి. ఆ వంశపు పెద్దాయన, ఇప్పుడు ఈ కొత్త సినిమాకు డబ్బు పెడుతున్న ఇంటాయనే, ప్రొడ్యూసర్ ఆఫీసుకు వచ్చాడు. తెల్ల బట్టలు, మెత్తటి మాట. వచ్చిన కాఫీ నా వైపే ముందు జరిపాడు.

"కథ బాగుంది స్వామీ. మా ముత్తాతల పేరు మాత్రం ఎందుకులెండి. పిల్లలు చదువుకుంటా ఉండారు."

అంతే అన్నాడు. బెదిరించలేదు. ఏమీ ఇస్తాననలేదు. రెండోసారి అడగలేదు కూడా. నేనే, కాఫీ కప్పు కింద పెట్టకముందే, "గొర్రెల కాపరి పట్టిచ్చినట్టు పెడదాం సార్, అట్లా అయితే ఇంకా బాగుంటుంది" అన్నాను. పెద్దాయన నా వైపు మెచ్చుకోలుగా చూశాడు. ప్రొడ్యూసర్ తొడ చరిచాడు. ఎవరైనా నా గొంతు మీద కత్తి పెట్టి ఉంటే ఈరోజు ఇంత సిగ్గుండేది కాదు. నన్ను ఎవరూ ఏమీ చెయ్యలేదు.

ఓబులమ్మ ఇంట్లో కూడా పిల్లలు చదువుకుంటున్నారని ఆ గదిలో ఎవరికీ గుర్తు రాలేదు. గుర్తు రావలసినవాణ్ణి నేనొక్కణ్ణే.

ఆ సినిమాకు ఉత్తమ రచయిత అవార్డు వచ్చింది. వేదిక మీద పెద్దాయనకు కృతజ్ఞతలు చెప్పాను.

మే 19

ఈరోజు ఓబులమ్మ దగ్గరకు వెళ్లాల్సింది. ఎండగా ఉందని మానుకున్నాను.

మే 20

గొర్రెల సంత చూసొద్దామని పోయాను. టోపీ, కళ్లద్దాలు. ఎవరూ గుర్తుపట్టలేదు. ఆ పాటికే ఎండ చుర్రుమంటోంది, దుమ్ము, పొట్టేళ్ల కొమ్ములకు పసుపు రాసి కట్టేశారు. ఒక కాపరి, నా ఈడువాడే, రెండు పొట్టేళ్లతో నిలబడి ఉన్నాడు. వ్యాపారి వయసు తెలియడానికి పళ్లు చూస్తున్నాడు, నడుము తడుముతున్నాడు.

"రెండు పండ్లేనా? నాలుగు పండ్లది తెచ్చి రెండంటావేమో!"

"నోరు తెరిచి నువ్వే చూస్తివి గదన్నా."

"గొర్రెను నమ్ముతాలే. కాపరిని నమ్మేది ల్యా!"

చుట్టూ ఉన్నవాళ్లు ఘొల్లున నవ్వారు. కాపరి కూడా నవ్వాడు. నవ్వి, ధర తగ్గించుకున్నాడు. ఆ నవ్వు చూశాక అక్కడ నిలబడలేకపోయాను. సినిమాలో ఆ డైలాగ్ కోసం ఒక రాత్రంతా కూర్చున్నానని గర్వంగా చెప్పుకునేవాణ్ణి. మనిషి తన సరుకు పక్కన నిలబడి తల దించుకోవడానికి పనికొచ్చింది అది.

మే 21

వెళ్లాను. గిద్దలూరు దాకా బస్సు, అక్కడి నుంచి ఆటో.

ఓబులమ్మ దొడ్డి దగ్గర కందికట్టె పందిరి కింద కూర్చుని ఉంది. తల్లి చచ్చిన గొర్రెపిల్లకు సీసాతో పాలు పడుతోంది. నన్ను చూసి లేవలేదు, కోపంతో కాదు, ఒడిలో పిల్ల ఉందని.

"రా నాయనా. లావైనావు."

తిడుతుందని దారంతా సిద్ధపడి వచ్చాను. తిట్లకు జవాబులు కూడా తయారు. ఆమె, ఎప్పుడో నేను చెప్పింది గుర్తుపెట్టుకుని, మా అక్క మోకాళ్ల నొప్పులు అడిగింది. సజ్జ రొట్టె, పచ్చిమిరపకాయ పచ్చడి పెట్టించింది. తినకపోతే తప్పు. తిన్నాను.

ఆమే ఎత్తింది ఆ మాట. "సినిమా చూసినా నాయనా. నా కొడుకు గిద్దలూరు తోలకపోయినాడు. మా పోలయ్య తెర మీదికి రాంగనే చప్పట్లు గూడా కొట్టినా. తర్వాత సూస్తే ఆడున్నోళ్లంతా ఆయప్పను తిట్టబట్టిరి. పక్కనున్న ఆడమనిషి నన్ను జూసి, ఏందమ్మా ద్రోహికి చప్పట్లు కొడ్తివి అనె. నేనూ నా కొడుకూ లేచి వచ్చినాం."

నేను రొట్టె పళ్లెం పక్కకు జరిపాను.

"ఆ పొద్దు నుంచి నా కొడుకు సంతకు పోడు. ఇంకొకరి చేత తోలిస్తాడు." పిల్ల పాలు తాగడం అయిపోయింది. మూతి తుడిచి వదిలింది. "నా మాట ఊళ్లో చెల్లదు. ఇంటి ముసిల్ది ఇంటోణ్ణి పొగుడుకుంటాదంటారు. నా మాట నాకుంది. నీ మాట కావాల."

"వస్తాను పెద్దమ్మా. చెప్తాను."

"ఉన్నది ఉన్నట్టు చెప్పు. అంతే."

మే 24

ముప్పయ్యో తేదీ మాట్లాడేది రాస్తున్నాను. మూడో డ్రాఫ్టు.

అక్క కూరగాయలు తరుగుతూ చూసింది. "ఉన్నది ఉన్నట్టు చెప్పేదానికి మూడుసార్లు రాయాల్నా? గట్టిగా చెప్తే అర నిమిషం రా. నేను తప్పు రాసినాను, పోలయ్య మంచోడు, ద్రోహం చేసింది ఫలానావాడు. అయిపాయె."

ఫలానావాడు దగ్గర నీళ్లు నమిలాను. అక్క కత్తిపీట మీద చెయ్యి ఆపింది.

"కొత్త సినిమా పోతాదనా?"

నేను కాగితాలు సర్దుకున్నాను.

"నాయన గూడా ఇంతే. పలకల ఫ్యాక్టరీలో ఓనరు నవ్వితే నవ్వేటోడు, ఓనరు దగ్గితే దగ్గేటోడు. నువ్వు రచయితవయితే ఆ బుద్ధి పోతాదనుకుంటి."

నాయనను అంటే కోపం వచ్చింది. కాసేపటికి కోపం ఎందుకొచ్చిందో కూడా తెలిసింది.

మే 27

డైరెక్టర్ — "ముప్పయ్యో తేదీ ఆ మీటింగుకు పెద్దాయన కూడా వస్తున్నారంటన్నా. మిమ్మల్ని చూసి చాలా రోజులైందన్నారు." ఆయనకెవరు చెప్పారో.

మే 30

రాయాలి. ఈరోజే రాయకపోతే రేపటికి దీన్ని కూడా అందంగా మార్చేస్తాను.

రచ్చకట్ట ముందు షామియానా, ప్లాస్టిక్ కుర్చీలు. నేను వస్తున్నానని ఫ్లెక్సీ కట్టారు. నా ఫోటో, పక్కన పోలయ్య వేషంలో నటుడు, కింద ఆ డైలాగ్. కుర్చీలు నిండిపోయి ఓబులమ్మ, ఆమె కొడుకు, ఈశ్వరి ఆ ఫ్లెక్సీ నీడలోనే నేల మీద కూర్చున్నారు.

పెద్దాయన ముందు వరసలో ఉన్నాడు. నన్ను చూసి లేచి చేతులు జోడించాడు. "బాగున్నారా స్వామీ?" నాకన్నా ఇరవై ఏళ్లు పెద్ద. నేను ఇంకా కిందికి వంగాను.

పెద్దమనిషి కాశయ్య లేచి, "సారు ఏందో చెప్పాలన్నారు. అందరూ ఇనండి" అన్నాడు.

మొదలు బాగానే పెట్టాను. "నేను సినిమాలో తప్పు రాశాను. పోలయ్య ద్రోహం చెయ్యలేదు. పాలెగాడిని కాపాడాడు." ఎవరూ కదల్లేదు. అక్కడ ఆగి ఉంటే సరిపోయేది.

ఆగలేదు. ముప్పై ఏళ్లుగా హీరోల ఇళ్లలో కథలు చెప్పి బతికినవాణ్ణి. ఎదుటి మనిషి ఊపిరి బిగబట్టి వింటున్నాడంటే నాకు పూనకం వస్తుంది. గొంతు తగ్గించాను. "ఆ సాయంత్రం... కుండపోత వాన. మెరుపు మెరిసినప్పుడల్లా సిపాయిల తుపాకులు తళుక్కుమంటున్నాయి..." మెడలో కండువా తీసి గొంగడిలా కప్పుకున్నాను. వంగి, గొర్రెల మధ్య నడిచినట్టు నాలుగడుగులు వేశాను. ఎవరో ఈల వేశారు. చప్పట్లు మొదలయ్యాయి. ఇది రాయక తప్పదు — సంతోషమేసింది నాకు. ఎన్నాళ్లకో కథ పండిందనిపించింది.

అప్పుడు ఓబులమ్మ నేల మీది నుంచి, మామూలుగానే, "ఆ పొద్దు వాన లేదు నాయనా. కరువు. మేత లేకనే మంద ఆ చేలో ఉన్నింది" అంది.

చప్పట్లు ఆగాయి. తరువాత నవ్వులు.

"అద్దో, ఇదీ కల్పించినాడు సారు!"

"పార్ట్ టూనా సార్? ఈసారి పోలయ్య హీరోనా?"

"ఎవురు సార్ చేసేది?"

ఆమె నన్ను తప్పు పట్టాలని అనలేదు. ఉన్నది ఉన్నట్టు ఉండాలని అంది. ఒక్క వాన చుక్క నేను కలపకుండా ఉంటే ఆమె నోరు తెరిచేదే కాదు. నా మాట కావాలని పిలిపించుకున్న మనిషి చేతే నా మాట అబద్ధమనిపించాను.

కాశయ్య మాత్రం నవ్వలేదు. అందరినీ ఊరుకోబెట్టాడు. "సరే సార్. వాన సంగతి ఇడిసిపెట్టండి. పోలయ్య చూపించలేదంటారు. పాలెగాణ్ణి ఎవురో ఒకరు చూపించినారు గదా. చూపించిందెవురు? ఆ పేరు చెప్పండి. ఇంగ మాకేం పేచీ లేదు."

ఇంతకంటే న్యాయమైన మాట ఎవరంటారు? ఊరంతా నా వైపు చూస్తోంది. పెద్దాయన చూడటం లేదు. చేతికర్ర పిడిని బొటనవేలితో తుడుచుకుంటున్నాడు. పేరు నాలుక చివరిదాకా వచ్చింది. నిజంగా వచ్చింది. సీన్ వన్, పగలు, ఔట్‌డోర్ కూడా గుర్తొచ్చింది.

"చరిత్రలో స్పష్టంగా లేదండీ" అన్నాను. "దాని మీద ఇంకా పరిశోధన జరగాలి."

"మీకే తెలీకుంటే మేమేం చేసేది" అన్నాడు కాశయ్య. చేతులెత్తమన్నాడు. ఎత్తారు. తొలి మంద ఇంక వేరే ఇంటిది. పావుగంట పట్టలేదు.

ఓబులమ్మ కొడుకు ఎవరి వైపూ చూడకుండా నడిచిపోయాడు. ఆమె మాత్రం ఈశ్వరి భుజం పట్టుకుని నా దగ్గరకొచ్చి ఆగింది.

"నోటితో రాకుంటే రాసియ్యి నాయనా. రాసేదే గదా నీ పని. వాని పేరు రాయి, కింద నీ పేరు రాయి. ఈ పిల్ల దాచిపెడ్తాది."

రాసిస్తానన్నాను.

మే 31

నిన్న రాయనిది ఒకటి. మీటింగు అయ్యాక భోజనాలు పెట్టారు. పొట్టేలు కూర. రెండోసారి అడిగి వడ్డించుకున్నాను.

జూన్ 1

పెద్దాయన ఫోను. "పెద్దమనసు చేసుకున్నారు స్వామీ. మా వాళ్లు సినిమా ఈ నెలలోనే మొదలుపెడతామంటున్నారు."

"చాలా థాంక్స్ సార్" అన్నాను. అలవాటుగా వచ్చేసింది. ఫోను పెట్టాక అర్థమైంది, దేనికి థాంక్స్ చెప్పానో.

వెనకే డైరెక్టర్. "లైన్ క్లియర్ అన్నా!" చాలా హుషారుగా ఉన్నాడు, పాపం. అతనికేమీ తెలియదు.

అక్క మాట్లాడటం లేదు. అన్నం మాత్రం వేళకు పెడుతోంది.

జూన్ 3

తెల్ల కాగితం తీసుకుని కూర్చున్నాను. ఏడు వాక్యాలు. వాన లేదు, మెరుపు లేదు. కరువు అని రాశాను. మేత లేదని రాశాను. గొంగడి కప్పాడని రాశాను, ఎలా కప్పాడో రాయలేదు, నేను చూడలేదు గనుక. సినిమాలో నేను మార్చానని, ఎవరూ బలవంతపెట్టలేదని రాశాను. ఇన్నేళ్లలో నేను రాసినవాటిలో కల్తీ లేని పేజీ ఇదొక్కటే అనుకుంటాను. ఒక్క పేరు దగ్గర చోటు వదిలాను, చివర్లో నింపుదామని.

నింపేముందు ఎందుకో ఈ డైరీ వెనక్కి తిప్పాను. పెద్దాయన. ఆ వంశం. మేనల్లుడు. పేరు చెప్పింది. ఆ పేరు పలికాను. అంతే ఉంది, పేజీ తరువాత పేజీ. అక్క కూడా ముట్టుకోని పుస్తకం ఇది. ఇందులో కూడా ఆ పేరు రాయలేదు నేను. ఎవరు చూస్తారని?

పోలయ్య పేరు మాత్రం ఎక్కడా దాచలేదు.

జూన్ 5

పల్లెకు వెళ్లాను. కాగితం జేబులో. బస్సులో నింపుదామనుకున్నాను. కుదుపులు. గిద్దలూరు బస్టాండులో నింపుదామనుకున్నాను. పక్కన ఎవరో కూర్చున్నారు. సాకులకేం తక్కువ.

ఈశ్వరి చదివింది. గొంతు పెంచకుండా, తగ్గించకుండా, పేపరు చదివినట్టు. అలాగే చదవాలి దాన్ని. ఓబులమ్మ కళ్లు మూసుకుని విన్నది. కరువు దగ్గర తలూపింది. మందను విడిచిపెట్టలేక వెనక్కి వచ్చాడు అన్నచోట కొంగు కళ్లకు పెట్టుకుంది. తొమ్మిదేళ్లలో మొదటిసారి, ఆమె చెప్పింది చెప్పినట్టు ఎవరో తిరిగి ఆమెకు చెప్పారు. ఒక్క నిమిషం నేను కూడా మనిషినేననిపించింది.

"పాలెగాడిని సిపాయిలకు చూపించినది..." ఈశ్వరి ఆగింది. కాగితం వెనక్కి తిప్పి చూసింది. "ఈడ ఏం లేదవ్వా. ఖాళీగా ఉంది."

"తొందరలో మర్చిపోయాను" అన్నాను.

ఈశ్వరి తన పెన్ను తీసి నా చేతికిచ్చింది. పట్టుకున్నాను. మూత తీసి మళ్లీ పెట్టాను. దొడ్డిలో గొర్రెపిల్లలు అరుస్తున్నాయి.

"ఇంటికెళ్లి ఫెయిర్ చేసి తెస్తానమ్మా. ఇది కొట్టివేతలతో ఉంది" అన్నాను. ఒక్క కొట్టివేత లేదు ఆ కాగితంలో.

ఈశ్వరి నోరు తెరవబోయింది. ఓబులమ్మ ఆమె చెయ్యి నొక్కింది. కళ్లు తెరిచి నా వైపు చూసి, "పో నాయనా, బస్సు పోతాది" అంది.

కాగితం నాకే మడిచి ఇచ్చింది.

జూన్ 7

ఈ సాయంత్రం గుడి మాన్యంలో తొలి మంద నిలుపుతారు. వేరే ఇంటి గొర్రెలు. ఓబులమ్మ కొడుకు తెల్లవారుజామునే తమ మందను గుట్ట అవతలికి తోలుకుపోయాడట. ఆమె పోలేదట. చూస్తానని ఊళ్లోనే ఉందట.

ఇదంతా ఈశ్వరి మెసేజ్‌లో ఉంది. చివర ఒక మాట. "అవ్వ అడగమంది సార్. రాసినారా?"

"రాస్తున్నాను" అని పంపాను. డైరెక్టర్‌కు పంపేదే ఆమెకూ పంపాను.

అక్క కాఫీ తెచ్చి పెట్టింది. బల్ల మీద కాగితం చూసింది, ఖాళీ చూసింది. ఎగిరిపోకుండా దాని మీద ఒక పలక ముక్క పెట్టి పోయింది. పేరు పట్టాల్సిన చోటు ముక్క పక్కన కనపడుతూనే ఉంది. ఇదంతా రాసిన పెన్ను ఇంకా చేతిలోనే ఉంది.